దీంట్ల నువ్వెక్కడున్నవ్?

నిన్న ఉదయం ఆఫీసు లిఫ్టులో నా వెనక ఎవరో లవంగం నములుతున్నారు. మూడో అంతస్తు దాటేసరికి లిఫ్టంతా ఆ ఘాటు కమ్ముకుంది. నేను దిగవలసిన అంతస్తు వచ్చింది, తలుపులు తెరుచుకున్నాయి, మళ్లీ మూసుకున్నాయి. నేను దిగలేదు. ప్రమీల గారి పుస్తకాలు అదే వాసన వేసేవి. పురుగు పట్టకుండా ఒక్కో పుస్తకంలో రెండేసి లవంగాలు పెట్టేవారామె. చదువుతూ పేజీ తిప్పితే అవి ఒళ్లో పడేవి. పై అంతస్తు దాకా వెళ్లి, మెట్ల మీదుగా నెమ్మదిగా దిగి వచ్చి నా కుర్చీలో కూర్చున్నాను. చాలాసేపు పని మొదలుపెట్టలేకపోయాను.

ప్రమీల గారు నా మొదటి మేనేజరు. మాదాపూర్‌లో ఓ చిన్న కంపెనీ మాది. రక్తపరీక్షలు చేసే సెంటర్లకు సాఫ్ట్‌వేర్ తయారుచేసేవాళ్లం. రిపోర్టు సిద్ధం కాగానే రోగి ఫోనుకు అందేలా చూడడం మా జట్టు పని. ఆమె పుట్టి పెరిగింది కొత్తగూడలో. ఇప్పుడు ఫ్లైఓవర్ దిగే చోట ఒకప్పుడు వాళ్ల నాన్న వంకాయ తోట ఉండేదట. చాలా ఏళ్లు కాలేజీలో లెక్కలు చెప్పి, నలభై దాటాక ఈ రంగంలోకి వచ్చారు. మనిషి పొట్టి, నూలు చీర, మెడలో తాడుకు వేలాడే కళ్లజోడు. ఆమె గదిలో కంప్యూటర్ పుస్తకం ఒక్కటీ ఉండేది కాదు. ఉన్నవన్నీ మనిషి ఎలా ఆలోచిస్తాడు, ఎక్కడ పొరబడతాడు, ఒకసారి నమ్మినదాన్ని ఎందుకు వదులుకోలేడు అని చెప్పే పుస్తకాలు. నేను తెనాలి నుంచి వచ్చినదాన్ని. మా నాన్న చర్చి బడిలో పంతులు. స్కూల్లోనూ కాలేజీలోనూ వక్తృత్వపు పోటీల్లో కప్పులు గెలుచుకున్నదాన్ని. నా ఆలోచనలో లోపం ఉండవచ్చన్న అనుమానం నాకప్పటికి ఎన్నడూ కలగలేదు.

చేరిన రెండో నెలలో ఓ ఫిర్యాదు వచ్చింది. కొండాపూర్‌లోని సెంటర్‌లో అరవై దాటినవాళ్లు ఫోనుకు వచ్చిన రిపోర్టు తెరవడం లేదు, కాగితం కోసం మళ్లీ కౌంటర్ దగ్గరికే వస్తున్నారు. కారణం రాసి ఇమ్మన్నారు ప్రమీల గారు. పది నిమిషాల్లో రాసిచ్చాను. పెద్దవాళ్లకు ఫోను వాడడం రాదు, కాబట్టి బొమ్మలతో ఒక వివరణ చేర్చాలి. ఆమె చదివి కళ్లజోడు తీశారు.

"ఫోన్ వాడరాదని నీకెవరు జెప్పిండ్రు?"

"ఒకరు చెప్పడమెందుకు మేడమ్, అందరికీ తెలిసిందేగా."

"తెలిసిందా, అనుకున్నవా? రేపు పొద్దుగాల ఆ సెంటర్ల పోయి కూసో. ఎవ్వరికీ ఏం నేర్పియ్యకు. అడుగు, ఇను. గంతే."

నాకు చిన్నతనంగా అనిపించింది. అయినా వెళ్లాను. కౌంటర్ పక్కన కుర్చీ వేసుకుని కూర్చున్నాను. కాసేపటికి తెల్లటి పంచె కట్టుకున్న ఓ పెద్దాయన వచ్చి రిపోర్టు అడిగాడు. ఫోనుకు మెసేజ్ రాలేదా తాతా అని అడిగాను.

"ఒచ్చింది బిడ్డా. ఆ నీలం గీత మీద ఒత్తుమన్నది. తెల్వని లింకు ఒత్తొద్దని బ్యాంకోళ్లు రోజు జెప్తనే ఉన్నరు గద. ఇది మీరు పంపిందే అని నాకెట్ల తెల్వాలె? పేరు లేదు, ఊరు లేదు. అందుకే బస్సెక్కి ఒచ్చిన."

మధ్యాహ్నం దాకా పదకొండు మందిని అడిగాను. తొమ్మిది మంది అదే మాట చెప్పారు. ఫోను వాడడం వాళ్లకు వచ్చు. అనుమానించడమూ వచ్చు. వాళ్ల గురించి నేను రాసినదాన్ని మాత్రం నేను ఒక్కసారి కూడా అనుమానించలేదు. తిరిగి వచ్చి సంగతి చెబితే ప్రమీల గారు నవ్వలేదు, దెప్పలేదు. రోగి పేరు, సెంటర్ పేరు, పరీక్ష చేసిన రోజు తెలుగులో కనిపించేలా మెసేజ్ మార్పించారు. ఆ సాయంత్రమే అలమరలోంచి ఓ పుస్తకం తీసి నా చేతిలో పెట్టారు.

ఆమె దగ్గర పుస్తకం తీసుకోవాలంటే ఒక షరతు ఉండేది. చదివినదాన్ని మన జీవితంలోంచి ఒక ఉదాహరణతో చీటీ మీద రాసి ఇవ్వాలి. అప్పుడే రెండో పుస్తకం. నేను నాలుగు రోజుల్లో చదివేశాను. చీటీలో మా జట్టులోని నరేశ్ గురించి రాశాను. అతను తనకు నచ్చిన రుజువులే ఏరుకుంటాడని, నచ్చనివి కళ్లెదుట ఉన్నా చూడడని, రెండు వైపులా నింపాను. ఆమె శ్రద్ధగా చదివారు.

"మంచిగ రాసినవ్. దీంట్ల నువ్వెక్కడున్నవ్?"

"ఇది నా గురించి కాదు మేడమ్."

"మరి నీ గురించి రాసినప్పుడు రా. అప్పుడిస్త ఇంకోటి."

మూడు వారాలు నాకు పుస్తకం దొరకలేదు. ఆ మూడు వారాలూ నేను ఎవరినీ వదలలేదు. క్యాంటీన్‌లో, బస్సులో, మణికొండలో నాతో గది పంచుకున్న అమ్మాయిల దగ్గర, ఎవరు నోరు తెరిచినా వాళ్ల మాటలో తప్పు ఎక్కడుందో దాని పేరుతో సహా చెప్పేదాన్ని. ఆ రోజుల్లోనే ఓ ఉదయం అమ్మ ఫోన్ చేసింది. నేను నీళ్లలో మునిగిపోతున్నట్టు కల వచ్చిందట, ఆ వారం నన్ను స్కూటీ మీద తిరగొద్దంది. నేను పావుగంట పాటు వివరించాను. నిజమైన కలలనే మనం గుర్తు పెట్టుకుంటామని, నిజం కానివి మరిచిపోతామని, అందుకే కలలకు అర్థం ఉందనిపిస్తుందని. అమ్మ అంతా విన్నది. "సరేలేమ్మా, నీకు తెలిసినంత నాకేం తెలుసు" అని ఫోన్ పెట్టేసింది. ఆ తర్వాత ఫోన్ చేసినప్పుడల్లా ఏం తిన్నావు, వర్షం పడుతోందా అని అడిగేది. అంతకు మించి ఏమీ చెప్పేది కాదు.

భోజనాల దగ్గర ప్రమీల గారికి ఈ సంగతి కాస్త గొప్పగానే చెప్పాను. ఆమె చేతిలోని రొట్టె ముక్క గిన్నెలో పెట్టేశారు.

"మీ అమ్మ నీతోని వాదనకు ఒచ్చిందా సునీతా? నాకు భయమైతున్నదని జెప్పింది. నువ్వు ఆమెకు లెక్క జెప్పినవ్."

ఆ సాయంత్రం చీటీ మీద రెండే ముక్కలు రాశాను. "అమ్మ భయపడింది. నేను గెలిచాను." ఆమె చదివి, మడిచి, తన పర్సులో పెట్టుకున్నారు. అలమర దగ్గరికి వెళ్లి రెండో పుస్తకం తీశారు. ఆ ఆదివారం నేను తెనాలి వెళ్లాను. అమ్మ పక్కన కూర్చుని, ఆ కల మొదటి నుంచీ చెప్పమన్నాను.

అలా నాలుగేళ్లు గడిచాయి. ఆమె అలమరలో సగం పైగా చదివాను. ఐదో వేసవిలో ప్రమీల గారిలో ఒక మార్పు గమనించాను. మా క్యాంటీన్ పై అంతస్తులో ఉండేది. మెట్లెక్కుతూ మధ్యలో ఆగి, కిటికీలోంచి ఏదో చూస్తున్నట్టు నిలబడేవారు. అడిగితే, ఎదురుగా కట్టే భవనం దుమ్ము పడడం లేదనేవారు. దవడ నొక్కుకుంటూ కనిపించేవారు, పన్ను లాగుతోందనేవారు. సాయంత్రానికి ముఖం వాడిపోయేది. నిద్ర చాలలేదు, వయసైంది, ఎండలు ముదిరాయి. దేనికి దానికి ఒక కారణం ఉండేది, అదీ నమ్మదగ్గదే. నేను రెండు వారాలు నోరు మెదపలేదు. అంతటి మనిషికి నేను చెప్పేదేముంటుంది అనుకున్నాను.

ఒక రోజు భోజనం తర్వాత ఆమె మెట్ల మీద కూర్చుండిపోయారు. చెయ్యి దవడ మీదే ఉంది. నేను పక్కన కూర్చున్నాను.

"మేడమ్, పళ్ల డాక్టరుకు చూపించుకున్నారా?"

"చూసిండు. పన్ను మంచిగనే ఉందన్నడు."

"మరి పంటి నొప్పేనని ఎలా అంటున్నారు?"

ఆమె చటుక్కున నా వైపు తిరిగారు. నాలుగేళ్లలో ఆమె కళ్లలో ఆ కోపం ఎప్పుడూ చూడలేదు.

"నీ పని నువ్వు చూస్కో సునీతా. నా ఒళ్లు నాకు తెల్వదా?"

లేచి కిందికి వెళ్లి నా కుర్చీలో కూర్చున్నాను. అనవసరంగా కల్పించుకున్నానేమో అనుకున్నాను. నిజానికి నాకూ తెలిసింది ఏమీ లేదు. తెలియదు కాబట్టే అడిగాను. ఇరవై నిమిషాల తర్వాత తల ఎత్తితే ఆమె నా బల్ల దగ్గర నిలబడి ఉన్నారు. భుజాన సంచి, చేతిలో కారు తాళాలు.

"దవాఖానకు పోదాం పా. నేను నడుపుడు మంచిది గాదు, నువ్వే నడుపు."

కొత్తగూడ కూడలిలో సిగ్నల్ దగ్గర ఆగినంతసేపూ ఆమె కళ్లు మూసుకునే ఉన్నారు. నొప్పి పంటిది కాదు, గుండెది. రక్తనాళం ఒకటి ముక్కాలు వంతు మూసుకుపోయిందని, ఇంకొన్నాళ్లు ఊరుకుంటే ప్రాణం మీదికి వచ్చేదని డాక్టరు చెప్పింది. ఆ సాయంత్రమే స్టెంట్ వేశారు.

మర్నాడు చూడడానికి వెళ్తే దిండుకు ఆనుకుని కూర్చుని ఉన్నారు. జుట్టు దువ్వుకోలేదు. ఒక్కసారిగా వయసు మీద పడినట్టు కనిపించారు.

"గన్ని పుస్తకాలు చదివిన" అన్నారు. "ఒక్కటన్న అక్కరకు రాలే సూడు."

"కోపం తెప్పించాను, క్షమించండి."

"కోపం ఎందుకొచ్చిందో నిన్న సందె దాక అదే ఆలోచించిన. నువ్వడిగినదాంట్ల తప్పు లేదు. నా దగ్గర జవాబు లేదు. గందుకే ఒచ్చింది." దిండు సరిచేసుకున్నారు. "చదువుకుంటె పక్కోళ్ల తప్పు జల్ది కండ్లవడ్తది. మనది కండ్లవడాల్నంటె పక్కన ఇంకో మనిషి ఉండాలె. ఆ మనిషి మనకు భయపడొద్దు."

నెల తర్వాత ఆఫీసుకు వచ్చిన మొదటి రోజే జట్టునంతా పిలిచి, జరిగింది దాచకుండా చెప్పారు. నన్ను కసిరిన సంగతి కూడా చెప్పారు. ఆ తర్వాత మా ప్రతి సమావేశంలోనూ ఒకరికి ఆమె నిర్ణయాన్ని కాదనే పని అప్పగించేవారు. నరేశ్ ఆ పని అందరికంటే బాగా చేసేవాడు. అతను మాట్లాడుతుంటే ఆమె కాగితం మీద రాసుకునేవారు. అది చూశాక నేను కూడా అతని మాట పూర్తిగా వినడం నేర్చుకున్నాను.

ఆ తర్వాత ఆమె ఆరేళ్లు బతికారు. ఉద్యోగం మానేసి శేరిలింగంపల్లిలో ఓ బడి పిల్లలకు శనివారాలు లెక్కలు చెప్పారు. పోయిన ఏడాది చలికాలంలో ఓ మధ్యాహ్నం భోజనం చేసి పడుకుని మళ్లీ లేవలేదు. ఆమె పుస్తకాలు ఇంట్లోవాళ్లు ఆ బడికే ఇచ్చేశారు. నేను ఒక్కటీ అడగలేదు.

ఇప్పుడు నా కింద పన్నెండు మంది పనిచేస్తున్నారు. పోయిన వారం సాఫ్ట్‌వేర్‌లో ఓ మార్పు వెంటనే విడుదల చేద్దామని నేను నిర్ణయం చెప్పాను. సిద్దిపేట నుంచి కొత్తగా చేరిన లావణ్య చెయ్యెత్తింది. "మేడమ్, ఇది తప్పనిపిస్తుంది నాకు" అంది. గొంతు వణికింది. నాకు ముఖం వేడెక్కింది. నాలుక మీద నాలుగు సమాధానాలు సిద్ధంగా ఉన్నాయి, నాలుగూ బాగానే ఉన్నాయి. అవి అంత తొందరగా వచ్చినందుకే నాకు భయం వేసింది. నోటి దాకా వచ్చినవాటిని మింగి, నా పక్కన ఉన్న కుర్చీ ఆమె వైపు జరిపాను.

"ఇలా వచ్చి కూర్చో అమ్మా" అన్నాను. "మొదటి నుంచి చెప్పు."