లెఫ్ట్ వింగ్ కార్పొరేటర్, మా చాల్ రైట్ వింగ్

ఒక మంచి మనిషి ముప్పై ఏళ్ల రాజకీయ జీవితాన్ని ఐదు నిమిషాల్లో ఎలా తగలబెట్టవచ్చో తెలుసుకోవాలంటే నన్నడగండి. ఆ ఘనకార్యం నేను ముంబై కామాటిపురలో, మా చాల్ వాకిట్లో, పట్టపగలు అందరి ఎదుటా చేశాను. పైగా ఇస్త్రీ చొక్కా వేసుకుని మరీ చేశాను.

మా చాల్ గదికో కుటుంబం ఉండే పాత భవనం. మధ్యలో చెక్కమెట్లు, వాటికి అటూ ఇటూ ఖోలీల, అంటే గదుల, వరసలు. ఒకటి లెఫ్ట్ వింగ్, ఇంకోటి రైట్ వింగ్. నీళ్లు ముందు ఎవరికి వదలాలన్న దాని మీద రెండింటికీ మాటల్లేవు. మెట్లేమో పుచ్చిపోయి, ఎక్కేవాళ్లు దేవుణ్ని తలుచుకునే స్థితికి వచ్చాయి. బాగు చేయించాలంటే రెండు వైపులవాళ్లూ ఒకే అర్జీ మీద సంతకాలు పెట్టాలి. అదే కుదరడం లేదు.

ఒకప్పుడు మిల్లులో యూనియన్ నడిపిన బాలయ్య కాకకు ఉపాయం తట్టింది. ఆయన పాత స్నేహితుల ఇంటికి ఐర్లండ్ నుంచి డెక్లన్ అనే ఆయన వచ్చాడు. బస్సు డ్రైవరుగా మొదలై, అద్దె ఇళ్లవాళ్ల తరఫున కొట్లాడి, తన ఊళ్లో కార్పొరేటర్ అయిన మనిషి.

"పరాయి దేశపాయన వస్తే రెండు దిక్కులోళ్లు ఒక్కతాన కూసుంటరు," అన్నాడు కాక. "నువ్వు ఇంగ్లిష్ చదివినవు గదా, ఆయన మాట తెలుగుల చెప్పు."

చదివింది ఇంగ్లిష్ మీడియమే. కాని రాజకీయాల్లో నాకు తెలిసింది ఎన్నికల సెలవు ఒక్కటే. అప్పుడు నాకు ఇరవై రెండేళ్లు. తెలియదని ఒప్పుకునే వయసు కాదది.

డెక్లన్ వచ్చాడు. కుర్చీ వేస్తే వద్దని, అందరితోపాటు చాప మీద కూర్చున్నాడు. రెండు వింగులూ మురిసిపోయాయి. తర్వాత లేచి తన గురించి చెప్పడం మొదలుపెట్టాడు. నేను దాన్ని తెలుగు చేశాను.

"ఈయన పుట్టినప్పటి సంది లెఫ్ట్ వింగ్ మనిషే."

లెఫ్ట్ వింగ్ చప్పట్లు కొట్టింది. రైట్ వింగ్ పెద్దదిక్కు లచ్చమ్మవ్వ కళ్లజోడు సవరించుకుంది. ఐర్లండ్‌లో కూడా చాల్‌లు ఉన్నాయన్నమాట అని నేను జ్ఞానం పెంచుకున్నాను.

"ముప్పై ఏండ్ల సంది రైట్ వింగోళ్లతోని కొట్లాడుతున్నడంట."

"మేమేం జేసినం ఈయనకు?" అంది లచ్చమ్మవ్వ. "అడుగు బిడ్డా."

అడిగాను. రైట్ వింగ్ ఏం చేసిందని అడిగేవాళ్ల కోసమే ఎదురుచూస్తున్నట్టు డెక్లన్ చేతులూపుతూ అందుకున్నాడు. నేను ఒక్క ముక్క కూడా వదల్లేదు.

"గరీబోళ్ల ఇండ్లు అమ్మేసిన్రంట. దవాఖాన్ల మంచాలు తీసేసిన్రంట. ఆఖరికి నీళ్లకు గూడ మీటర్లు పెట్టిన్రంట."

"మన నీళ్ల సంగతి ఐర్లండ్ దాకా పోయింది సూడు," అన్నారు లెఫ్ట్ వింగ్‌లో ఎవరో, తృప్తిగా.

"ఈయనను పిలిపిచ్చింది గిందుకేనా బాలయ్యా?" అంటూ లచ్చమ్మవ్వ లేచి మెట్ల వైపు నడిచింది. వెనకే రైట్ వింగ్ మొత్తం లేచింది. చాపలు వాళ్లవే కావడంతో వాటినీ చుట్టుకున్నారు.

కాక తల పట్టుకున్నాడు. "అరే పాగల్, లెఫ్ట్ వింగ్ అంటే ఎర్రజెండా పార్టీరా. మన ఖోలీల వరస గాదు."

జరిగింది డెక్లన్‌కు చెప్పాను. ఆయన నన్ను ఒక్క మాటా అనకుండా లచ్చమ్మవ్వ వెంట పరుగెత్తాడు. సంజాయిషీ చెప్పుకునే తొందరలో మూడో మెట్టు మీద కాలు వేశాడు. అది ఫట్‌మని విరిగింది. కార్పొరేటర్ మోకాలి దాకా దిగబడిపోయాడు.

పైనుంచి లచ్చమ్మవ్వ చేయి పట్టుకుంది. కిందనుంచి లెఫ్ట్ వింగ్ వాళ్లు నడుం పట్టుకున్నారు. ఎన్నేళ్లకో రెండు వింగులూ కలిసి ఒక పని చేశాయి. బయటికి లాగి, గీరుకున్న చోట పసుపు అద్ది, చాయ్ తాగించారు. ఆ సందులో కాక ఈ లెఫ్టూ రైటూ పార్టీల సంగతని అందరికీ విడమరిచాడు.

"ఇంటికొచ్చిన మనిషి కాలు ఇరగ్గొడ్తుంటిమి గదా," అని సిగ్గుపడి, లచ్చమ్మవ్వ అర్జీ తెప్పించుకుని మొదటి సంతకం తనే పెట్టింది.

నేను గోడ చాటున నిలబడ్డాను. డెక్లన్ పిలిచి పక్కన కూర్చోబెట్టుకున్నాడు. నాలుగు ఎన్నికల్లో ఓడాననీ, అయినా తన ఉపన్యాసం మధ్యలో జనం చాపలతో సహా లేచిపోవడం ఇదే మొదటిసారనీ చెప్పి, కాలు నొప్పి పుట్టేలా నవ్వాడు.

మాకు ఇనుప మెట్లు వచ్చాయి. మరుసటి ఏడాది డెక్లన్ మళ్లీ ఓడిపోయాడని కాక కబురు తెచ్చాడు. లచ్చమ్మవ్వ చాలాసేపు బాధపడింది. తర్వాత నన్ను ఎగాదిగా చూసింది.

"అక్కడ గూడ ఆయన గురించి నువ్వే చెప్పినవా బిడ్డా?"

ఆ క్షణమే రెండు వింగుల సాక్షిగా ప్రమాణం చేశాను. ఇక ఈ జన్మలో ఏ నాయకుణ్నీ ఏ భాషలోకీ దించను.