చిలకమ్మ వరసల లెక్క

ఇరవై మూడేళ్లుగా ఒక దొంగతనాన్ని మోస్తున్నాను. లెక్కల్లో దిట్ట అని ఎవరైనా పొగిడితే తల వంచుకుంటాను. వినయమనుకుంటారు. కాదు. మీకు నేనెవరో తెలియదు కాబట్టి చెప్పగలుగుతున్నాను.

మా నాన్న మైదానం నుంచి అరకు వచ్చి కిరాణా కొట్టు పెట్టుకున్నవాడు. ఏడో తరగతిలో నా పక్కన చిలకమ్మ కూర్చునేది, కొండ మీది ఊరి పిల్ల. ఆ రోజు సారు బోర్డు మీద లెక్క రాశారు: నలభై మామిడిపళ్లను ఇద్దరికి 3:2 నిష్పత్తిలో పంచాలి. నేను నలభైని మూడుతో ఒకసారి, రెండుతో ఒకసారి భాగించాను. రెండూ కలిపితే నలభై రాలేదు. ఏడుపొచ్చింది. చిలకమ్మ నా పుస్తకం అంచున గీతలు గీసి చూపించింది. వాళ్ల ఊళ్లో రెండిళ్లవాళ్లు కలిసి చోళ్లు, అంటే రాగులు, పండిస్తే, కళ్లంలో కుప్పని అడ్డ అనే కొలపాత్రతో కొలిచి, ఎక్కువ కష్టపడ్డవాళ్లకి మూడు అడ్డలు, రెండోవాళ్లకి రెండు అడ్డలు పోస్తారట. అది ఒక వరస. కుప్ప అయిపోయేదాకా అలా వరసలు వేస్తూనే ఉంటారట. మా లెక్కలో వరసకి ఐదు పళ్లు, మొత్తం ఎనిమిది వరసలు. ఒకరికి ఇరవై నాలుగు, ఇంకొకరికి పదహారు. ఎంత హాయిగా అర్థమైందో!

సారు మా ఇద్దరి పుస్తకాలూ పక్కపక్కన పెట్టి, ఈ ఉపాయం ఎవరిదని నన్ను అడిగారు. నాదేనన్నాను. అది నన్ను చూసి రాసిందన్నాను. ఎందుకన్నాను? ఎవరూ బెదిరించలేదు. ఆయన ముఖంలో మెప్పు కనిపించింది, అది నాకు కావాలనిపించింది, అంతే. దాన్ని ఒక్క మాటైనా అడగలేదాయన. అడగరని కొట్టువాళ్లమ్మాయిగా నాకు అప్పటికే తెలుసేమోనని ఇప్పుడు అనుమానం. నాకు చప్పట్లు కొట్టించారు. చూసి రాసిందని చిలకమ్మని పీరియడ్ అయ్యేదాకా నిలబెట్టారు.

“అలగెందుకు సెప్పినావే?” అంది బయటికొచ్చాక.

“సారు కొడతాడని బయమేసిందే.” అదీ అబద్ధమే.

“ఉపాయం సెప్పినోలిని కొడతారేటి?”

ఆ తర్వాత లెక్కల పీరియడ్‌లో అది నోరు విప్పలేదు. పదో తరగతి లెక్కల్లో తప్పి చదువు మానేసింది. నా వల్లేనా? అంతా నా మీదే వేసుకోవడం కూడా గొప్పలు పోవడమేనేమో. కొంత మాత్రం కచ్చితంగా నాదే.

నేను టీచర్నయ్యాను. ఈ కొండల మధ్య, ఈ పిల్లలతో సుఖంగానే ఉన్నాను. వరసల పద్ధతిని వాళ్లు ‘మేడం లెక్క’ అంటారు. చిలకమ్మ సంతలో కనిపిస్తుంది. కాఫీ ఈసారి బాగా కాసిందని నవ్వుతూ చెబుతుంది, నాకు చిక్కుడు గింజలు కొలిచి పైన ఇంకో గుప్పెడు వేస్తుంది. ఆ గుప్పెడే నాకు మింగుడు పడదు.

ఈ ఏడు చిలకమ్మ కూతురు నా క్లాసుకి వచ్చింది. ఇవాళ నిష్పత్తుల పాఠం. అందరికన్నా ముందు వరసలు గీసేసింది.

“మా కల్లంలో సోళ్లు పంచినట్టే ఉంది మేడం. మీకెవరు సెప్పినారు?”

“మీ అమ్మ,” అన్నాను. దాన్ని నాదని అబద్ధమాడి మీ అమ్మని నిలబెట్టించానని కూడా అన్నాను, క్లాసందరి ముందూ. పిల్లలు కాసేపు నోరెళ్లబెట్టి, తర్వాతి లెక్కలో పడ్డారు. నాకు మాత్రం ఎన్నాళ్లకో గుండె తేలికపడింది.

ఈపాటికి ఆ పిల్ల కొండెక్కి ఇల్లు చేరి ఉంటుంది. తల్లికి చెప్పే ఉంటుంది. రేపు సంత. చిలకమ్మ ఏమంటుందో తెలియదు, పై గుప్పెడు వేస్తుందో లేదో కూడా తెలియదు. సంచీ మాత్రం తీసి పెట్టుకున్నాను.