ప్రహ్లాద్ గీసిన పగుళ్లు

నిన్న కట్టిన గోడను నిజాం కాలం నాటిదిగా చూపించాలంటే లాల్‌దర్వాజా ప్రహ్లాదే రావాలని సినిమావాళ్లు అనేవారు. గుడి గోడల మీద బోనాల బొమ్మలు వేస్తూ మొదలై, సెట్లకు రంగులు పూసి పూసి, చివరికి ప్రొడక్షన్ డిజైనర్ అయ్యాడాయన. కాస్త టీ డికాక్షన్, కాస్త దీపపు మసి ఇస్తే చాలు, ప్లైవుడ్ మేడకు కూడా ముసలితనం వచ్చేసేది. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. ఆయన రచ్చ ముందే గెలిచాడు. ఇక ఇంటి సంగతి వినండి.

కంప్యూటర్లలోనే మేడలు లేపే రోజులొచ్చాక ఆయనకు పిలుపులు రావడం మానేశాయి. చాలాకాలానికి ఒక చిన్న సినిమా దొరికింది. సెట్ వేసే స్తోమత నిర్మాతకు లేదు. తండ్రి కట్టించిన సొంత ఇంటినే షూటింగ్‌కు ఇచ్చేశాడు ప్రహ్లాద్. కథలోది కూలబోయే ఇల్లు కాబట్టి ముందుగది గోడ నిండా పగుళ్లు గీశాడు. షూటింగ్ మధ్యలో ఆగింది. గోడ కడిగేద్దామని భార్య స్వరూప ఎన్నిసార్లు అన్నా ఒకటే జవాబు.

"ప్యాచ్ వర్క్ ఉన్నది. కంటిన్యుటీ పోతది."

మిగిలిన ముక్కలు తీసేదాకా గోడ మీద ఒక్క గీతా చెదరకూడదు. సినిమావాళ్ల కట్టుబాటు అది. ఆ సినిమా ఇక లేవదని అందరికీ తెలుసు, ఆయనకు తప్ప. గోడ కడిగితే తన పనే ముగిసిపోయినట్టని ఆయన భయం.

ఇంతలో వానలకు పక్క గల్లీలో ఒక ఇల్లు కూలింది. పాత ఇళ్లు చూస్తూ వచ్చిన మునిసిపల్ ఇంజనీరు ఈ గోడ ముందు ఆగిపోయాడు. వెంటనే ఖాళీ చేయమన్నాడు, ఇల్లు కూలగొట్టక తప్పదన్నాడు.

"సార్, గవన్నీ రంగులే. నేనే గీసిన."

"అట్లైతే కడిగి చూపెట్టు. సాయంత్రం మల్ల వస్త. గోడ సాఫ్ ఉంటే నీ ఇల్లు నీదే."

ప్రహ్లాద్ బకెట్, గుడ్డ తెచ్చుకున్నాడు. పగుళ్లు ఒక్కొక్కటే కరిగి కారిపోయాయి. ప్రాణం పెట్టి గీసినవి, చేతులారా తుడవాల్సి వచ్చింది. దూలం కింద ఒక్కటి మాత్రం పోలేదు. గట్టిగా రుద్దాడు. గోరుతో గీకితే గోరు లోపలికి దిగింది. అది ఆయన గీసింది కాదు. ఇన్నాళ్లూ ఆయన గీతల చాటునే పెరిగింది.

లోపలికి పరుగెత్తి పుట్టీ, బ్రష్షు తెచ్చాడు. కప్పడం ఆయనకు చిటికెలో పని.

"ఫికర్ చెయ్యకు. సార్‌కు కనవడకుంట చేస్త," అన్నాడు భార్యతో.

స్వరూప గోడ కింది మంచం వైపు చూసింది.

"సార్‌కు కనవడదు. గీడ పండుకునేది మన బిడ్డ ప్రీతి గదా."

బయట ఇంజనీరు బండి ఆగింది. ప్రహ్లాద్ పుట్టీ కింద పెట్టి, కూతురి మంచాన్ని వాకిట్లోకి లాగాడు.

"ఒకటి నిజందే సార్," అని చెప్పి, ఆ మంచం మీదే కూలబడి ఏడ్చాడు.