తొమ్మిదో బెడ్డు దగ్గర ఈజిప్టు నటుడు

1984లో నన్ను రాజోలు నుంచి అమలాపురంలోని ఒక ఆసుపత్రికి, ఆడవాళ్ళ మెడికల్ వార్డుకు, స్టాఫ్ నర్సుగా బదిలీ చేశారు. నాపైన హెడ్ నర్సు, ఆవిడపైన డ్యూటీ డాక్టరు. మందులు రాసేది డాక్టరు, ఇచ్చేది మేము. రోగి బంధువులకు ఏ మాట ఎలా చెప్పాలన్నది మాత్రం ఏ రూల్సులోనూ ఉండదు. అది ఎప్పుడూ నర్సు నెత్తిమీదే పడుతుంది.

ఆ వానాకాలంలో తొమ్మిదో బెడ్డుకు కుమారి అనే అమ్మాయి వచ్చింది. ముప్పై ఏళ్ళు కూడా ఉండవు. గుండె కవాటం జబ్బు ముదిరి, రక్తపు గడ్డ మెదడుకెక్కి, కువైట్‌లో పనిచేసే ఇంట్లోనే పక్షవాతం వచ్చిందట. అక్కడివాళ్ళు విమానం ఎక్కించి చేతులు దులుపుకున్నారు. తల్లి సంతోషమ్మ మామిడికుదురు దగ్గర కొబ్బరితోటల్లో కూలిపని చేసే మనిషి.

కుమారికి కుడి చెయ్యి, కాలితో పాటు తెలుగు కూడా పడిపోయింది. నోట వచ్చేది అరబ్బీ. అవే నాలుగైదు వాక్యాలు, ఒక్కోసారి ఏడుస్తూ. మెదడు ఎడమవైపు దెబ్బతిని మాట పోవడాన్ని అఫేజియా అంటాం. నోటికి బాగా అలవాటైనవి, అంటే అంకెలు, ప్రార్థన, తిట్లలాంటివి, కొందరిలో మిగులుతాయి. వాటిని వెతికి చూడటం కూడా మా పనే. నేను వాళ్ళు చర్చిలో చెప్పుకునే పరలోక ప్రార్థన మొదలుపెట్టి మధ్యలో ఆగేదాన్ని, తరువాతి మాట అందుకుంటుందేమోనని. ఎన్నడూ అందుకోలేదు.

సంతోషమ్మకు ఈ వైద్యం గొడవ అక్కర్లేదు. "నా పిల్ల నాకేదో చెప్తందండి సిస్టరుగారూ. అక్కడ దానికేమయిందో చెప్తందండి. ఆ భాష తెలిసినోళ్ళని పిలిపించండి" అని నేను కనబడినప్పుడల్లా దారికి అడ్డంపడేది. ఆవిడ భయానికి కారణముంది. కుమారి కువైట్ నుంచి తన మాటలు రికార్డు చేసి క్యాసెట్లు పంపేది. వాటిల్లో వెనకనుంచి ఎప్పుడూ ఒక మగ గొంతు వినిపించేదట.

డాక్టరుగారిని అడిగి, కువైట్‌లో డ్రైవరుగా చేసి వచ్చిన దానియేలుగారిని పిలిపించాను. ఆయన మంచం పక్కన కూర్చుని విన్నారు. మొదట ముఖం వికసించింది, అంతలోనే వాడిపోయింది. తల్లివైపు తిరిగి, "అమ్మా, నేను బాగానే ఉన్నాను, బెంగెట్టుకోకు అంటందండి" అన్నారు.

"ప్రతి క్యాసెట్లోనూ ఆ మాటేనండి. దానికి ఇంత ఏడుపెందుకండి?" అంది సంతోషమ్మ.

ఆయన నావైపు చూశారు. ఉన్నది చెప్పమన్నాను.

ఆ మాటలు కుమారివి కావన్నారు. ఈజిప్టులో పేరుమోసిన ఒక పాత నటుడివి. నాటకాల్లో కుర్రవేషాలు వేసే మనిషి, సినిమాల్లోకొచ్చిన కొత్తలోనే జుట్టుకు తెల్లరంగు పూసుకుని తండ్రి వేషం కట్టాడట. అది ఎంత పండిందంటే, ఆ తరువాత ఇంకో వేషానికి ఎవరూ పిలవలేదు. చచ్చేదాకా తండ్రిగానే నటించాడు. ఇంట్లో మాత్రం పిల్లలు లేరట. ఇల్లు విడిచిపోయిన కూతురితో ఒక సినిమాలో ఆయన అంటాడు: తలుపు తీసే ఉంచాను, లోపలికి రా, ఏమీ అడగను. కుమారి వల్లిస్తున్నది అదే.

కుమారి సేవచేసింది మంచానపడ్డ ఒక ముసలావిడకు, ఆవిడకు పొద్దస్తమానం వీడియోలో సినిమాలే కాలక్షేపం అని సంతోషమ్మే చెప్పింది. "ఆయ్, అయితే క్యాసెట్లో గొంతు ఆయనదే అయ్యుంటుందండి" అన్నారు దానియేలుగారు.

తల్లి భయం తీరింది. దాంతోపాటే, కూతురు తనకేదో చెబుతోందన్న ఆశా పోయింది. "అయితే నా పిల్ల మాటొక్కటీ మిగల్లేదాండి లోపల?" అని నన్నడిగింది. ఉందనడానికి ఆధారం లేదు, లేదనడానికి నోరు రాలేదు.

మర్నాటినుంచి కుమారి నోరు విప్పితే చాలు, సంతోషమ్మ లేచి వరండాలోకి పోయేది. పక్క మార్చడానికి సాయం కావాలన్నా పిలుచుకు రావలసి వచ్చేది. ఒక మధ్యాహ్నం కుమారి గుండె ఆగిపోయింది. అంతకుముందు ఆమె తలుపువైపు తిరిగి అవే మాటలు అంటూనే ఉంది. తల్లి వరండాలో గోడకు చేరబడి, అటు తిరిగి కూర్చుని ఉంది.

మాట పోయిన రోగి పక్కన కూర్చునేవాళ్ళను అక్కడ కూర్చోబెట్టవలసింది ఆ గొంతే, అందులోని అర్థం కాదు. రిటైరయ్యేదాకా నా జూనియర్లకు ఇది చెబుతూ వచ్చాను. సంతోషమ్మకు చెప్పి ఉన్నా ఆవిడ వినేదని అనుకోను.