బండి మీద కొసరు

నా చిన్నప్పుడు మా ఇంట్లో కొసరు అనే మాటకున్న గౌరవం గోడమీది దేవుడి పటాలకు కూడా ఉండేది కాదు. కవిటి దగ్గర మాకు కొబ్బరితోట ఉండేది. చెట్ల మీది కాయల దింపు అయిన రోజు షావుకారు మనిషి వచ్చి కాయలు లెక్కపెట్టుకుంటుంటే, వంద పూర్తయిన ప్రతిసారీ మా తాతయ్య తన చేత్తో మరికొన్ని కాయలు ఆ కుప్పలోకి విసిరేవాడు. అదీ కొసరు. దానికి డబ్బుండదు. అమ్మినవాడు కొన్నవాడికి ఊరికే ఇచ్చేది. కొసరు దగ్గర చెయ్యి వెనక్కి లాక్కునేవాణ్ణి మా తాతయ్య మనిషి కింద జమకట్టేవాడు కాదు. బారువ నుంచి ఎండుచేపలు తెచ్చే ఆవిడ కూడా తూకం అయ్యాక ఒక గుప్పెడు పైన వేసి వెళ్లేది. లోకంలో ఏ సరుకైనా ఇలాగే చేతులు మారుతుందని ఆయన గట్టి నమ్మకం.

అలాంటి మనిషి టెక్కలికి మోటారు సైకిలు కొనడానికి బయల్దేరాడు.

బండి ఆయన కోసం కాదు, మా నాన్న కోసం. నాన్నకు పలాసలో ఒక జీడిపప్పు ఫ్యాక్టరీలో పని కుదిరింది. ఉద్దానం ఊళ్లన్నీ తిరిగి, తోటల్లో జీడిపిక్కలు చూసి, రైతులతో ధర మాట్లాడి సరుకు పంపించాలి. సైకిలు మీద అయ్యే పని కాదది. పిక్కలు రాలే కాలానికి బండితో వస్తే పని నీది, లేదంటే ఇంకొకరిని చూసుకుంటానని యజమాని ముందే చెప్పేశాడు. పెళ్లయి నేను పుట్టి ఇంతయ్యాక కూడా నాన్న తన తండ్రి తోటలో తండ్రి చెప్పిన పని చెయ్యడం తప్ప సొంతంగా ఒక పని ఎరగడు. ఆ ఉద్యోగం మాట వచ్చినప్పటి నుంచి ఆయన నడకే మారిపోయింది. అమ్మ అది చూసి లోలోపల మురిసిపోయేది. కానీ డబ్బున్న పెట్టె తాళం మాత్రం తాతయ్య మొలతాడుకు వేలాడుతుండేది.

నేను తాతయ్య తోక లాంటిదాన్ని కాబట్టి నాన్నతో పాటు నన్నూ బస్సెక్కించారు. షాపులో బండ్లు వరసగా నిలబెట్టి ఉన్నాయి. వాటి పెట్రోలు ట్యాంకుల్లో నా మొహం కనిపించింది. అంత మెరిసే వస్తువును అంతకుముందు నేను చూడలేదు, ముట్టుకుంటే తిడతారేమోనని చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డాను. షాపాయన ధర చెప్పాడు. అది తాతయ్య ముందే వాకబు చేసుకున్న ధరే. నడుం సంచిలోంచి నోట్లు తీసి బల్ల మీద పెట్టి, మరి కొసరుగా ఏమిస్తావని అడిగాడు. షాపాయన నవ్వి, తాళంచెవికి తగిలించుకునే గొలుసు ఒకటి ఇస్తానన్నాడు. ఆ తర్వాత తాపీగా, ఇది బండి ధరే కదండీ, దీని మీద లైఫ్ ట్యాక్సూ, రిజిస్ట్రేషనూ, ఇన్సూరెన్సూ ఉంటాయి, అవన్నీ కడితేనే బండి రోడ్డెక్కుతుంది అన్నాడు.

తాతయ్యకు ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక మొహం కందగడ్డలా అయిపోయింది. నోట్లు తిరిగి సంచిలో పెట్టేసుకున్నాడు.

"కాయ కొన్నోడికి నాను కొసరిత్తాను. నువ్వు బండి కొన్నోడి కాడే కొసరు లాగుతావేటి?" అని లేచి వెళ్లిపోయాడు.

నాన్న నచ్చజెప్పబోయాడు గానీ తాతయ్య అప్పటికే బజారు దాటేశాడు. తిరుగు బస్సెక్కాం. నాన్న కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు. అంత పెద్ద మనిషికి ఏడుపొస్తుందని నాకు అప్పుడే తెలిసింది. నాకు ఆ రోజు తాతయ్య మీద కోపం వచ్చింది.

ఇంటికొచ్చాక తాతయ్య తన తీర్పు చెప్పేశాడు. బండి ధర వరకూ ఇస్తాడు, ఆ పైన చిల్లిగవ్వ ఇవ్వడు. తోటల్లో తిరిగే బండికి నంబరెందుకు, ట్యాక్సెందుకు అని ఆయన వాదన. నంబరు లేని బండిని పెద్దరోడ్డు మీద పోలీసులు పట్టుకుంటారనీ, యజమాని అలాంటి బండిని గేటు లోపలికి కూడా రానివ్వడనీ నాన్న గొణిగాడు. అయితే ఆ ఉద్యోగమే వద్దన్నాడు తాతయ్య. అమ్మ వంటింట్లోకి వెళ్లిపోయింది. మా ఇంట్లో ఆయన మాటకు ఎదురు చెప్పగలిగిన మనిషి ఒక్కతే ఉంది, ఆవిడ మా మేనత్త.

అత్త గురించి చెప్పాలి. ఆవిడ భర్త పెద్దరోడ్డు పక్కన సైకిలు మీద వస్తుంటే ఒక లారీ గుద్దేసింది. నేను అప్పటికి పసిగుడ్డును. ఇద్దరు పిల్లల్ని తీసుకుని అత్త మా ఇంటికి వచ్చేసింది. కోర్టులో కేసు చాలా కాలం నడిచింది. ఆ తిరుగుడంతా అత్త వాళ్ల బావగారు తిరిగారు. చివరికి కోర్టు కొంత డబ్బు ఇప్పించి బ్యాంకులో వేయించింది. నెల నెలా వచ్చే ఆ వడ్డీతోనే అత్త పిల్లలకు పుస్తకాలు, బట్టలు, జ్వరమొస్తే మందులు. ఇంట్లో అందరం వాటిని కోర్టు డబ్బులు అనేవాళ్లం. తాతయ్య మాత్రం ఆ మాటే పలికేవాడు కాదు. అల్లుడి ప్రాణానికి వెల కట్టి ఇచ్చిన డబ్బని ఆయన బాధ. అత్త బ్యాంకుకు వెళ్లే రోజు ఆయన పొద్దున్నే తోటలోకి వెళ్లిపోయేవాడు. ఆ డబ్బు ఎక్కణ్ణుంచి వచ్చిందని ఏనాడూ అడగలేదు.

మర్నాడు మాకు దింపు. కాయలన్నీ వాకిట్లో పోశారు. తాతయ్య అరుగు మీద కూర్చుని చుట్ట వెలిగించాడు. అత్త నన్ను పిలిచి, కొన్ని కాయలు తెచ్చి ఆయన ఎదురుగా పెట్టమంది. నేను తెస్తుంటే ఒక కుప్పగా పేర్చింది. ఇది బండి, షాపువాడిది, దీని దగ్గర మనకు పేచీ లేదు కదా అంది. అప్పుడు పక్కన విడిగా ఒక కాయ పెట్టింది.

ఇది రోడ్డుది అంది. మా ఊరి బాట ఇసకలో కూరుకుపోయినప్పుడల్లా ఇంటికొక మనిషి పార పట్టుకుని వెళ్లడం ఆనవాయితీ. మనిషి లేని ఇల్లు ఎవరినో ఒకరిని కూలికి పంపేది. పెద్దరోడ్డుకు మనం పార పట్టుకుని వెళ్లలేం కాబట్టి, బండి ఉన్న ప్రతి ఇల్లూ తన వంతు డబ్బు కడుతుంది, బండి బతికినన్నాళ్లకూ ఒకేసారి కట్టేస్తారు, అందుకే దాన్ని లైఫ్ ట్యాక్స్ అంటారు అని చెప్పింది. ఆ రోడ్డు ఎంతవరకు వెళుతుందని నేనడిగాను. ఇటు మద్రాసు, అటు కలకత్తా అంది అత్త. నేను ఎన్నడూ చూడని ఊళ్ల దాకా పోయే ఆ రోడ్డులో ఎక్కడో ఒక చెంచాడు తారు మాదవుతుందా అనుకున్నాను. తాతయ్య చుట్ట పీలుస్తూ, బాటకు మనిషిని పంపని ఇల్లు మాది ఎప్పుడూ కాదన్నాడు. అంటే ఆ కాయ ఒప్పుకున్నట్టే.

రెండో కాయ నంబరుది. దేశం మొత్తంలో ఇంకే బండికీ ఉండని నంబరు మన బండికిస్తారు, ఎవరైనా ఎత్తుకుపోయి ఏ మూల దాచినా అది మీ నాన్నదేనని ఆ నంబరే చెబుతుంది అని అత్త నావైపు చూసి చెప్పింది. దేశంలో ఇన్ని బండ్లుంటే ఒక్కదానికీ రెండోదాని నంబరు పడకుండా ఎవరు చూస్తారా అని నేను నోరు తెరిచాను. దొంగతనం మాట వినగానే తాతయ్య దానికీ మెత్తబడ్డాడు.

మూడో కాయ పెట్టి, ఇది ఇన్సూరెన్సు అంది. మన బండి ఎవరికైనా తగిలితే, ఆ మనిషికి గానీ ఆ మనిషి ఇంటికి గానీ ఇవ్వడానికి ముందే కట్టి ఉంచేది అని చెప్పింది. తాతయ్య మళ్లీ భగ్గుమన్నాడు. తన కొడుకు ఎవరినీ గుద్దేవాడు కాదన్నాడు. ఏమీ జరగకపోతే ఆ ఇన్సూరెన్సు వాడు డబ్బు వెనక్కి ఇస్తాడా అని అడిగాడు. ఇవ్వడంది అత్త.

"మరి ఆ డబ్బులు ఎవులికిత్తాడు?"

అత్త కాసేపు ఆ కాయ మీదే చెయ్యి ఉంచింది.

"నాకిచ్చినాడు, నాన్నా," అంది.

తాతయ్య చేతిలో చుట్ట నోటి దాకా వెళ్లలేదు. అత్త గొంతు పెంచలేదు, కళ్లనీళ్లూ పెట్టుకోలేదు. కోర్టులో తీర్పు అయిన రోజు ఆవిడ తన వకీలును ఒక మాట అడిగిందట, ఆ లారీ ఆయన ఇల్లూ వాకిలీ అమ్ముకుని నాకీ డబ్బు కడుతున్నాడా, ఆ ఉసురు నా పిల్లలకు తగులుతుందా అని. అదేం లేదమ్మా, ఆయన లారీ కొన్ననాడు ఇన్సూరెన్సు కట్టాడు, ఏటేటా కడుతూనే ఉన్నాడు, ఆయనలాగే కట్టినవాళ్లు లక్షల మంది ఉన్నారు, వాళ్లందరి డబ్బులోంచి నీకు వస్తోంది అని వకీలు చెప్పాడట. వాళ్లలో ఎక్కువమంది బండి ఎవరికీ తగల్లేదు, తగలదు కూడా. అయినా కట్టారు. ఆ రోజు నుంచి బ్యాంకులో సంతకం పెట్టిన ప్రతిసారీ, మొహం తెలియని ఆ మనుషులు తన ఎదురుగా వరస కట్టి నిలబడినట్టు ఉంటుందని చెప్పింది.

నాకు వాకిట్లో కాయల కుప్ప కనబడటం మానేసింది. మా ఇంట్లో అత్త పిల్లలు తొడుక్కున్న బట్టలూ, వాళ్ల పలకలూ కనబడ్డాయి. అవి మాకెవరూ కాని వాళ్లు, ఎక్కడో ఒక షాపులో బల్ల ముందు నిలబడి, ఎవరికో ఏమిటో తెలియకుండానే కట్టిన డబ్బుతో కొన్నవి. ఇంత పెద్ద సంగతి మా ఇంట్లోనే ఇన్నాళ్లూ ఉంటే అత్తకు తప్ప ఎవరికీ తెలియలేదే అని నాకు భయం లాంటి ఆశ్చర్యం వేసింది.

తాతయ్య ఆ కాయను చేతిలోకి తీసుకున్నాడు. దాన్ని అటూ ఇటూ తిప్పి చూస్తూ అన్నాడు.

"ఆ లారీవోడు కూడా నాలాగే కట్టకుండా లేచెల్లిపోయుంటే?"

కాయను అత్త చేతిలో పెట్టాడు. లేచి లోపలికి వెళ్లి పెట్టె తాళం తీశాడు.

మళ్లీ టెక్కలి వెళ్లాం. ఈసారి అత్త కూడా వచ్చింది. ట్యాక్సుకూ, నంబరుకూ, ఇన్సూరెన్సుకూ తాతయ్య మారుమాట లేకుండా కట్టాడు. అయితే షాపాయన చివర్లో, కాగితాలు తిప్పిన ఖర్చులంటూ ఇంకో ముక్క జోడించాడు. తాతయ్య అత్త వైపు తిరిగి అది రోడ్డుదా అని అడిగాడు. కాదంది. నంబరుదా? కాదు. దెబ్బ తగిలినోడిదా? అదీ కాదు, షాపుదే అంది. అంతే, మొదటిసారి నుంచి అణచుకున్న బేరమంతా ఆయన ఆ ఒక్క ముక్క మీద చూపించాడు. షాపాయన చివరికి చేతులెత్తేసి ఆ ఖర్చు కొట్టేసి, తాళంచెవి గొలుసు కూడా ఇచ్చి పంపాడు. నాన్న మొహంలో ఆ రోజున్న వెలుగు నేను మళ్లీ నా తమ్ముడు పుట్టినప్పుడే చూశాను.

నాన్న బండి మీద వెనకగా వస్తానన్నాడు, మేం ముగ్గురం బస్సు కోసం పెద్దరోడ్డు మీద నిలబడ్డాం. అల్లుడు పోయినప్పటి నుంచి తాతయ్య లారీ వస్తే మొహం పక్కకు తిప్పుకునేవాడు. ఆ సాయంత్రం తిప్పుకోలేదు. ఎక్కడెక్కడి నుంచో వస్తున్న లారీలను, అర్థంకాని అక్షరాలు రాసి ఉన్నవాటిని కూడా, ఒక్కొక్కదాన్నీ పోయేదాకా చూస్తూ నిలబడ్డాడు. వీటిలో ఏది నీకు కట్టిందో ఏమోనమ్మా అన్నాడు అత్తతో. అత్త అప్పుడు ఏడ్చింది. ఆ తర్వాత నెల బ్యాంకుకు ఆయనే అత్తను వెంటబెట్టుకుని వెళ్లాడు.

ఇప్పుడు తాతయ్య లేడు, అత్తా లేదు. మొన్నామధ్య మా తమ్ముడి కూతురికి సంతబొమ్మాళిలో ఉద్యోగం వస్తే, స్కూటరు కొందామని నన్ను టెక్కలి తీసుకెళ్లింది. షోరూములో కుర్రాడు ఫోన్లో లెక్క చూపించి గడగడా చదివేశాడు. నేను ఒక్కొక్కటీ ఆపి, ఇది ఎవరికి వెళుతుంది బాబూ అని అడిగాను. హ్యాండ్లింగ్ ఛార్జీల దగ్గర అతను నీళ్లు నమిలాడు, అవి తీయించేశాను. పిల్ల సిగ్గుపడి, అత్తా పరువు తియ్యకే అని చెవిలో గొణిగింది. నేను పట్టించుకోలేదు. దెబ్బ తగిలిన ఎదుటివాళ్లకు వెళ్లే ఆ ఇన్సూరెన్సు మాత్రం నేనే కడతానని పట్టుబట్టి, నా పెన్షన్ డబ్బులోంచి కట్టాను. మా ఇంట్లో ఏ బండి కొన్నా ఆ ముక్క నాదే. కట్టి, కళ్లు మూసుకుని, ఈ డబ్బు అందుకోవాల్సిన రోజు ఏ ఇంటికీ రాకూడదని మొక్కుకుంటాను. ఒకవేళ వస్తే, మా అత్తకు అందినట్టు అందాలని కూడా మొక్కుకుంటాను.