సీటీకి ముందు ఉయ్యాల

మా ఆఫీసు పార్కింగ్‌లో సెక్యూరిటీ అతను సీటీ కొడితే ఇప్పటికీ నా కళ్ళు ఉయ్యాల కోసం వెతుకుతాయి. ఈ అద్దాల భవనాలున్న చోట తొంభైల చివర్లో రాళ్ళగుట్టలుండేవి. బడి నుంచి రాగానే మాదాపూర్‌లో మా ఇంటి అరుగు మీద చేరి, గుట్టను పేల్చే కూలీలను పొద్దుగూకేదాకా చూసేదాన్ని. ఎవరితోనూ మాట్లాడేదాన్ని కాదు. బళ్ళో మూగమొద్దునని పేరు పడింది.

మా ఇంట్లో ఓ గది కిరాయికి తీసుకున్న సువార్తమ్మ టీచర్‌ది గుంటూరు వైపు. వేరే బళ్ళో పనిచేసేవారు. సాయంత్రం మెట్ల మీద గోంగూర తుంచుతూ, "ఇవాళ ఏం చూశావమ్మా?" అని అడిగేవారు. పాఠాల ఊసెత్తేవారు కాదు. అందుకేనేమో, ఆవిడ దగ్గర నా నోరు పెగిలేది. ఓసారి, రాళ్ళు కొట్టే అక్క ఏడ్చిందన్నాను.

"ఏడవడం చూశావా, ఏడ్చిందనుకున్నావా?"

"కొంగుతోని కళ్ళు తుడుసుకున్నది."

"అదీ. దుమ్ము పడిందేమో. చూసింది చెప్పు, చాలు."

ఆ ఏడు పరీక్షలయ్యాక, నోరు విప్పని పిల్లను మూడో తరగతికి పంపలేమని మా హెడ్మిస్ట్రెస్ కబురు పెట్టారు. "ఇగ మళ్ళ అదే క్లాసా? ఏం పరేషాన్ టీచరమ్మా ఇది," అని నాన్న తల పట్టుకున్నాడు. "నేనూ మీతో బడికి వస్తానండి," అన్నారు టీచర్.

హెడ్మిస్ట్రెస్ పద్యం చెప్పమంటే నేల చూశాను. ఎక్కం అడిగితే కిటికీ చూశాను. "దారిలో ఏం చూసిందో అడగండి మేడమ్," అన్నారు టీచర్. ఆవిడ విసుగ్గానే అడిగారు.

"గుట్ట పేలుస్తుండ్రు," అన్నాను. "ముందుగాల చెట్టుకున్న కూలోళ్ళ పాప ఉయ్యాల ఇప్పి, దూరంగ ఇంకో చెట్టుకు కడ్తరు. గప్పుడు సీటీ కొడ్తరు. అందరు చెవులు మూసుకుంటరు. పాప వాళ్ళమ్మ మూసుకోదు. ఆమె చేతులు పాప చెవుల మీదుంటయ్."

"ఆమెకు భయం వేయదా?"

"ఎరుక లేదు మేడమ్. భయం నాకు కనబడలే. చేతులు కనబడ్డయ్."

హెడ్మిస్ట్రెస్ కుర్చీ ముందుకు జరుపుకుని, "ఇంకా?" అన్నారు. బెల్లు కొట్టేదాకా చెబుతూనే ఉన్నాను. మూడో తరగతికి పంపారు.

తిరిగొస్తూ నాన్న నన్ను భుజాల మీద కూర్చోబెట్టుకున్నాడు. "మీ నాన్న సంతోషంగా ఉన్నాడంటావా?" అన్నారు టీచర్.

"మొఖం కనబడ్తలేదు టీచర్. గని నా కాళ్ళు గట్టిగ పట్టుకున్నడు."

ఇవాళ మా ఆఫీసులో నేను నోరు విప్పితే అందరూ వింటారు. చూసిందే చెబుతుందని పేరు. మూగమొద్దు పేరు తీసేసి ఈ పేరు నాకు పెట్టింది సువార్తమ్మ టీచరే.