విమానం కింద కూర్చోబెట్టిన మనుషులు

పాత విమానాలను బాగుచేసి, సినిమాల కోసం నడపడం నా పని. వైమానిక దళం నుంచి వచ్చేశాక, తుక్కు కింద పోబోతున్న ఒక శిక్షణ విమానాన్ని సోమందేపల్లె దగ్గర రేకుల షెడ్డులో నిలబెట్టాను. ఇంజను నేను విప్పి బిగించాను. రెక్కల గుడ్డ నా భార్య కుట్టింది.

యుద్ధం సినిమా కోసం యాడికి అనే ఊరి దగ్గర ఒక బీడులో షూటింగ్ పెట్టారు. చెనిక్కాయ, అంటే వేరుశనగ పంట ఎండిపోయి పనుల్లేని ఆడవాళ్లను కూలికి తెచ్చి, పారిపోయే జనంగా వేషాలు వేశారు. నేను విమానంలో నేలకు తగిలీ తగలనట్టు పోవాలి. వాళ్లు గట్టుకు అవతల, దూరంగా ఉండాలి. కెమెరాలో విమానం వాళ్లకు దగ్గరగానే కనిపిస్తుందని డైరెక్టరే అన్నాడు. నేనూ అతనూ ఆ చోటంతా ముందే నడిచి చూసుకున్నాం.

ఆ విమానంలో రేడియో లేదు. దాన్ని వెనక సీట్లో కూర్చుని నడపాలి, విమానం ముక్కు చూపుకు అడ్డం వస్తుంది. కిందికి దిగి బీడు మీదికి వచ్చాక, నా దారిలోనే రంగు చీరలు కనబడ్డాయి. విమానాన్ని నడిపే కర్రను గుండెకు హత్తుకునేలా లాగాను. విమానం ఒళ్లంతా వణికి పైకి లేచింది. చక్రాలు ఎవరికైనా తగిలాయో లేదో చుట్టు తిరిగి దిగేదాకా నాకు తెలియదు.

ఎవరికీ తగల్లేదు. కానీ ఒకామె పరుగెత్తి రాళ్ల మీద పడింది. చెయ్యి విరిగింది. నాతో షూటింగుకు వచ్చిన నా భార్య ఆమె చేతికి తువ్వాలు కడుతోంది.

"గట్టు ఇవతలికి ఎందుకొచ్చినారమ్మా?" అని అడిగాను.

"ఆ డైరెక్టరాయప్పే ఈడ కుచ్చోమన్యాడన్నా. చెప్పేదాకా లేయొద్దన్యాడు. ఇంత కిందికి వస్తాదని మాకెవురూ చెప్పల్యా," అంది చెయ్యి విరిగినామె.

డైరెక్టర్ దగ్గరికి పోయాను. అతను షాట్ చూసుకుంటున్నాడు.

"చెబితే ముఖాల్లో ఆ భయం రాదు సార్," అన్నాడు తలెత్తకుండా. "మీరు అనుభవం ఉన్నవాళ్లు, తప్పిస్తారని తెలుసు. ఇంకొక్కటి తీద్దాం."

అతన్ని కొట్టబోయి ఆగాను. "నీ అమ్మను కుచ్చోబెట్టు ఆడ, అప్పుడు తీద్దాం," అన్నాను. చుట్టూ ఉన్నవాళ్లు నేలచూపులు చూశారు.

ఆమెను మా జీపులో తాడిపత్రి ఆసుపత్రికి తీసుకుపోయాం. తిరిగొచ్చి విమానం రెక్కలు విప్పి లారీకెక్కించాను. ఆడవాళ్లు వేషాల బట్టలు అక్కడే కుప్పగా పడేసి వెళ్లిపోయారు.

సినిమాను గుంతకల్లులో చూశాను. ఆ షాట్ ఉంచారు. తెర మీద ఆమె పడిపోతుంటే జనం ఈలలు వేశారు. లేచి బయటికి వచ్చేశాను.

ఇప్పటికీ సినిమావాళ్లు ఫోన్ చేస్తారు. కింద నిలబడే ప్రతి మనిషితో ముందు నేను మాట్లాడాలంటాను. సగం మంది మళ్లీ చేయరు. చేయకపోతే పోనీ.